పూసలు కావండీ, వల గుళ్ళు

ఇలా దగ్గరికి జరిగి కూర్చోండి. పొయ్యి మీద పాలుంటే దించేసి రండి. మధ్యలో లేచి వెళ్ళి మళ్ళీ వచ్చి వినే సంగతి కాదిది. నేను మూడో తరగతి దాకా చదివినదాన్ని. అక్షరాలు కూడబలుక్కుని రాస్తే మా మనవరాలు ఒత్తులూ దీర్ఘాలూ సరిచేసింది. సంగతిలో మాత్రం వేలు పెట్టొద్దని చెప్పాను. ఆఫీసుల్లోనూ ఆస్పత్రుల్లోనూ చిన్న ఉద్యోగాల్లో కొత్తగా చేరే పిల్లలు వినాలని రాస్తున్నాను. మీకంటే పెద్ద చదువులు చదివినవాళ్ళ ముందు మీరు రోజూ నిలబడతారు. నేనూ అలాగే నిలబడ్డాను.

తాడేపల్లిగూడెం దాటి ఏలూరు వచ్చే దారిలో ఒకప్పుడు ఒక ట్రస్టు వాళ్ళు నడిపిన పెద్ద మ్యూజియం ఉండేది. ఇప్పుడు లేదు. పేరు చెప్పను, మనుషుల పేర్లూ చెప్పను. ఏడు హాళ్ళు. రాతి విగ్రహాలకు రెండు, శాసనాలకు ఒకటి, నాణేలకు ఒకటి, కత్తులకూ డాళ్ళకూ ఒకటి, మట్టిలో దొరికిన వాటికి ఒకటి, చివరిది తాళపత్రాలకు. అన్నీ తిరిగేసరికి గంటన్నర పట్టేది, ముసలివాళ్ళు బల్ల కనిపించిన చోటల్లా కూర్చుండిపోయేవారు.

నేను అక్కడ చేరింది తుడవడానికి. తలుపులు తీయకముందే ఏడు హాళ్ళకూ ఫినాయిలు నీళ్ళతో తడిగుడ్డ పెట్టాలి. ఆ తర్వాత పొడిగుడ్డ పట్టుకుని అద్దాల మీద వేలిముద్రలు తుడుస్తూ జనం వెనక తిరగాలి. వచ్చినవాళ్ళను తిప్పి చూపించడానికి ఒక రిటైరైన మాస్టారు ఉండేవారు. ఆయన ముందు, జనం మధ్యలో, గుడ్డతో నేను వెనక. ఆయన చెప్పేదంతా నా చెవిన పడేది, పడింది పడినట్టు నిలిచిపోయేది. నాకు పుట్టుకతో వచ్చిన జబ్బు అది. ఎవరి పెళ్ళిలో ఎవరు ఏ కూర వడ్డించారో ఇప్పటికీ చెప్పగలను. ఆరేళ్ళు విన్నాక ఆయన ఏ మాట తర్వాత దగ్గుతారో కూడా నాకు తెలుసు.

ఆ మాస్టారికి గొంతులో పుండు లేచి ఆపరేషను అయింది. మళ్ళీ రాలేదు. ఆ వారంలోనే తణుకు నుంచి ఒక స్కూలు బస్సు వచ్చింది. అరవై మంది పిల్లలు, ఇద్దరు టీచర్లు, చెప్పేవాళ్ళు లేరు. గేటు దగ్గర మా వాచ్‌మన్ ఉండేవాడు. మిలిటరీలో పనిచేసి వచ్చినవాడు, వరసకేమీ కాకపోయినా నన్ను వదినగారూ అనేవాడు.

"వదినగారూ, చీపురు అవతల పారేసి మీరే చెప్పేయండి. ఎలాగూ తడిగుడ్డ పెడుతూ గొణుక్కుంటారుగా, అదే కాస్త గట్టిగా గొణగండి" అన్నాడు.

చెప్పాను. మొదటి హాలు నుంచి ఏడో హాలు దాకా, మాస్టారు చెప్పినట్టే. శాసనం దగ్గరకు వచ్చేసరికి ఆయన దగ్గే చోట నాకూ దగ్గు వచ్చింది. పిల్లలు నవ్వారు గానీ విన్నారు. మ్యూజియం బాధ్యతంతా చూసే క్యూరేటరు గారు తలుపు వెనక నిలబడి మొత్తం విన్నారని తర్వాత తెలిసింది. మర్నాటి నుంచి చూపించే పని కూడా నాకే ఇచ్చారు. తుడిచే పని మాత్రం తీసేయలేదు.

మీకొక రహస్యం చెబుతాను. అద్దాల కింద ఇంగ్లీషులో అంటించిన చీటీల్లో ఒక్కటీ నాకు చదవడం రాదు. నేను నేల గుర్తులతో చెప్పేదాన్ని. పగిలిన గచ్చు దగ్గర ఆగితే బుద్ధుడి పాదం, నూనె మరక దగ్గర ఆగితే సింహం. ఎవరైనా ఆ బొమ్మల్ని పక్కకు జరిపి ఉంటే నేను పాదాన్ని సింహమనే చెప్పేదాన్ని. వినేవాళ్ళూ అవునవునని తలూపేవారు. చెప్పేవాడి గొంతులో తడబాటు లేకపోతే జనం నమ్ముతారు. ఆ సంగతి నాకు తొందరగా అర్థమైంది. అర్థం కాకపోయి ఉంటే బాగుండేది.

క్యూరేటరు గారి గురించి చెప్పాలి. నలభై లోపు మనిషి. నీళ్ళకు కటకటలాడే ప్రాంతం నుంచి వచ్చారు. చేపల వాసన వస్తే జేబురుమాలు ముక్కుకు పెట్టుకునేవారు. కానీ మంచివారు. "అమ్మా" అనే పిలిచేవారు, చెయ్యి చూపించి పని చెప్పేవారు కాదు. పాత వస్తువు చేతిలోకి వస్తే మాత్రం ఆయనకు అన్నం గుర్తుండేది కాదు.

కొల్లేట్లో సర్కారు వాళ్ళు చేపల చెరువుల గట్లు కొట్టించిన ఏడాది అది. మీలో పెద్దవాళ్ళకు గుర్తుండే ఉంటుంది. లంకల్లో, అంటే కొల్లేటి నడుమ ఊళ్ళలో, పొక్లెయిన్లు దిగాయి, గట్టు తర్వాత గట్టు తెగ్గొట్టారు, నీళ్ళు నీళ్ళలో కలిసిపోయాయి. చెరువులు పోయినవాళ్ళు పోగా, వాటి మీద కూలికి బతికేవాళ్ళు చెట్టుకొకరూ పుట్టకొకరూ అయ్యారు. నేను పుట్టింది కూడా అలాంటి లంకలోనే. మా నాన్న వల వేసేవాడు. పెళ్ళయ్యాక ఉంగుటూరు వైపు వచ్చేశాను.

అలా గట్టు కొడుతుంటే ఒకచోట మట్టి బాన ఒకటి బయటపడింది. మూతికి పెంకు మూసి, బంకమట్టి మెత్తి ఉంది. డబ్బుందేమోనని డ్రైవరు పగలగొట్టాడు. లోపల పసిబిడ్డ ఎముకలు. అతను భయపడి ఎవరికో చెప్పడం, వాళ్ళు మా క్యూరేటరు గారికి ఫోను చేయడం, ఈయన జీపేసుకుని పరుగెత్తడం, అన్నీ ఒక పూటలో అయిపోయాయి. ఆ చుట్టుపక్కల ఇళ్ళలో అప్పటికే జనం లేరు. పని వెతుక్కుంటూ వెళ్ళిపోయారు. అడుగుదామన్నా మనిషి లేడు.

బాన మా మ్యూజియానికి వచ్చింది. ఎముకలు ఇనుములా నల్లగా ఉన్నాయి. కొల్లేటి అడుగు మట్టి నల్లగా ఉంటుంది, అందులో పడ్డది ఏదైనా నాలుగేళ్ళలో ఆ రంగుకే వస్తుంది. క్యూరేటరు గారు ఆ నలుపు చూసి ముచ్చటపడ్డారు. ఎముకలతో పాటు తొమ్మిది మట్టి గుళ్ళున్నాయి. ఉసిరికాయంత, నడుమ బెజ్జంతో. వాటిని కడిగే పని నాకిచ్చారు.

బేసిను ముందేసుకుని, పళ్ళు తోముకునే బ్రష్షుతో ఒక్కొక్కటీ కడిగాను. మొదటిది చేతిలోకి తీసుకోగానే తెలిసిపోయింది. అవి వల గుళ్ళు. వల అంచుకు వరసగా కట్టేవి, వలను నీళ్ళ అడుక్కు దింపేవి. ఇప్పుడు సీసం గుళ్ళు కొంటున్నారు గానీ, మా లంకల్లో కొన్ని ఇళ్ళలో మట్టితోనే చేసుకునేవారు. ఉండ చుట్టి, పుల్లతో బెజ్జం పెట్టి, ఊక నిప్పుల్లో కాలుస్తారు. పచ్చిగా ఉన్నప్పుడే ఒక్కో ఇంటివాళ్ళు ఒక్కో గుర్తు పెడతారు, వలలు కలిసిపోయినప్పుడు తగువు రాకుండా. మా నాన్న గుర్తు ఒక గుంట. ఈ గుళ్ళ మీద మూడు గోటి నొక్కులున్నాయి. బ్రష్షు పోని సందుల్లో నా గోరుతోనే మట్టి తీశాను, ఆ నొక్కుల్లో నా గోరు సరిగ్గా పట్టింది.

క్యూరేటరు గారు ఏదో లావుపాటి పుస్తకం తెచ్చి బొమ్మ చూపించారు. అచ్చం ఇలాంటివే. ఎక్కడో పాత దిబ్బలో దొరికాయట, రెండు వేల ఏళ్ళవట.

"పూసలమ్మా! టెర్రకోట పూసలు. మామూలు పిల్లాడు కాదు. ఏ సామంతరాజు కొడుకో అయ్యుంటాడు. ఈ మూడు గీతలు ఆ వంశం గుర్తు కావచ్చు" అన్నారు. ఆయన కళ్ళు మెరిసిపోతున్నాయి.

వంశం గుర్తన్నది మాత్రం నిజమే.

నేను నోరు తెరవలేదు. ఎందుకు తెరవలేదని ఇన్నేళ్ళూ నన్ను నేనే అడుగుతున్నాను. ఆ బిడ్డ ఈ కాలం బిడ్డ అని నాకు తట్టలేదు, ఒట్టేసి చెబుతాను. ఆ రోజుల్లోనూ వలలున్నాయి కాబోలు, గుళ్ళూ ఇలాగే చేసేవారు కాబోలు అనుకున్నాను. కానీ పూసలు కావని తెలుసు. ఆ ఒక్క మాట అని ఉంటే ఆయన ఇంకో ఇద్దరిని అడిగి ఉండేవారు. సాయంత్రం గేటు దగ్గర వాచ్‌మన్‌తో అన్నాను.

"అవి వల గుళ్ళు తమ్ముడూ."

"సారు ఏమన్నారు?"

"పూసలన్నారు."

"మరి పూసలే. మీరు చదివింది మూడు, ఆయన చదివింది ముప్పై. కావాలంటే మీ గుళ్ళు మీరు ఇంటికాడ పెట్టుకోండి వదినగారూ" అన్నాడు నవ్వుతూ. నేనూ నవ్వాను.

ఆరో హాల్లో నడిమధ్య గాజుపెట్టె పెట్టారు. ఎముకల మీద ఏదో మందు పూశారు, నిగనిగలాడాయి. తొమ్మిది గుళ్ళనూ దారానికి గుచ్చి ఆ చిన్న మెడ ఎముకల దగ్గర హారంలా అమర్చారు. పేపర్లో ఫొటో పడింది. ఏలూరు నుంచీ భీమవరం నుంచీ జనం విరగబడి వచ్చారు. నేను చెప్పాల్సిన మాటలు క్యూరేటరు గారే రాసి, చదివి వినిపించారు. ఒక్కసారికే వచ్చేశాయి. తర్వాత్తర్వాత నా సొంతవీ కొన్ని కలిపాను. రాణిగారు ఏడ్చి ఏడ్చి కళ్ళు పోగొట్టుకుందని చెప్పేదాన్ని. ఆడవాళ్ళు కొంగు కళ్ళకు ఒత్తుకునేవారు. అది చూసి నాకు తృప్తిగా ఉండేది. అవును, తృప్తిగానే ఉండేది. దాచడమెందుకు.

అలా ఏడాదిన్నర గడిచింది.

వేసవి మొదలవుతున్న రోజులు. ఒక వ్యాను నిండా డ్వాక్రా సంఘం ఆడవాళ్ళు దిగారు. పెదపాడు వైపు నుంచి వచ్చారు, ద్వారకాతిరుమల వెళ్ళి తిరిగి వెళ్తూ ఆగారు. గుండ్లు చేయించుకున్న పిల్లలు, ప్రసాదం పొట్లాలు, ఒకటే సందడి. విగ్రహాల దగ్గరా కత్తుల దగ్గరా నన్ను మాట్లాడనివ్వలేదు, వాళ్ళ వేళాకోళాలు వాళ్ళవే. ఆరో హాల్లోకి తీసుకొచ్చి గాజుపెట్టె చుట్టూ నిలబెట్టాను.

"ఇప్పుడు మీరు చూస్తున్నది రెండు వేల ఏళ్ళనాటి రాజకుమారుడు. ఏడాది నిండని పసివాడు. తల్లిదండ్రులు ఎంత గారాబంగా చూసుకున్నారో మెడలో ఈ పూసల హారం చూస్తేనే..."

"రాజుగారి కొడుకైతే మట్టి పూసలేంటండీ, బంగారం లేదా ఏంటి?" అంది ఒకావిడ.

"బంగారం ముందే ఎవరో నొక్కేసుంటారే. మన సంఘం లీడరు లాంటోళ్ళు అప్పుడూ ఉండే ఉంటారు" అంది ఇంకొకావిడ. అందరూ పడీపడీ నవ్వారు, లీడరుతో సహా.

ఆ నవ్వు అణగకముందే వెనక నుంచి ఒక గొంతు వచ్చింది.

"అయి పూసలు కాదు."

సన్నటి మనిషి. ముప్పై ఏళ్ళుంటాయేమో. పొద్దుటి నుంచీ ఒక్క మాటా మాట్లాడకుండా అందరి వెనకా నడుస్తున్న మనిషి. అందరినీ తప్పించుకుంటూ ముందుకొచ్చి అద్దం మీద రెండు చేతులూ ఆనించింది. అద్దం ముట్టుకోకూడదమ్మా అనడం నాకు అలవాటు. ఆ మాట నోటిదాకా వచ్చి ఆగిపోయింది.

"అయి మా గుళ్ళు" అంది. తర్వాత నావైపు తిరిగి, చాలా మెల్లిగా, ఏదో సందేహం అడుగుతున్నట్టు, "అక్కా, ఆడి మెళ్ళో వల గుళ్ళు ఎందుకేశారు? మేం కాళ్ళకాడ పెట్టాం" అంది.

పిల్లలు ప్రసాదం పొట్లాలు పట్టుకుని తల్లుల దగ్గరికి జరిగారు.

నేను ఆమెను బల్ల మీద కూర్చోబెట్టాను. వాచ్‌మన్ వెళ్ళి క్యూరేటరు గారిని పిలుచుకొచ్చాడు. ఆమె ఏడవకుండానే చెప్పింది. మగబిడ్డ. తొమ్మిదో నెలలో జ్వరం తగిలింది. అది వానాకాలం, ఊరి చుట్టూ నీళ్ళు, దోనె మీద ఆస్పత్రికి చేరేసరికి అయిపోయింది. పూడ్చిపెట్టడానికి ఊళ్ళో పొడి నేల లేదు. చేపల చెరువు గట్టు ఒక్కటే పైకి ఉంది. బానలో పడుకోబెట్టి ఆ గట్టులో పెట్టారు. నీళ్ళు ఇంకా పెరిగితే బాన తేలి వెళ్ళిపోతుందేమోనని వాళ్ళాయన తన వల అంచు కోసి, గుళ్ళు తీసి బరువుకని బిడ్డ కాళ్ళ దగ్గర పెట్టాడు.

"నీళ్ళలో కలిసిపోకూడదని అంత చేశామండి. గట్టు కొట్టేసినప్పుడు మేం తాడేపల్లిగూడెంలో కూలి పనిలో ఉన్నాం. వొచ్చి చూస్తే గట్టే లేదు. ఎల్లిపోయాడనుకున్నాం" అంది.

క్యూరేటరు గారు వంగి గాజుపెట్టెలోకి చూస్తూ ఉన్నారు. చివరికి, "అమ్మా, ఇలాంటివి ఏ ఇంట్లోనైనా ఉంటాయి కదా. మీవేనని ఎలా..." అన్నారు. ఆయన గొంతులో అప్పటికే బలం లేదు.

"మూడు గోటి నొక్కులు మా ఇంటి గుర్తండి. ఒకదాని మీద మాత్రం సన్నగా ఉంటాయి. మా పెద్దపిల్ల నొక్కింది. దానికప్పుడు నాలుగేళ్ళు. నేనూ నొక్కుతానని గొడవ చేస్తే ఆళ్ళ నాన్న ఒకటి ఇచ్చాడు."

క్యూరేటరు గారు తాళం తీసి గాజుపెట్టె తెరిచారు. హారాన్ని చేతిలోకి తీసుకుని గుండు తర్వాత గుండు తిప్పి చూశారు. ఆరోదో ఏడోదో దగ్గర ఆగారు. దాన్ని నాకు చూపించారు. బియ్యపు గింజంత నొక్కులు మూడు. నేను కడిగినవే. ఆ రోజు నా గోరు పట్టలేదని పుల్లతో తీసిన సంగతి కూడా గుర్తొచ్చింది.

"పూసలు కావండీ, వల గుళ్ళు. నాకు మొదటి రోజే తెలుసు" అన్నాను.

"మొదటి రోజే తెలుసా?"

"తెలుసండి."

"మరి చెప్పలేదేమమ్మా?"

"మీరు అడగలేదండి."

ఆ జవాబు నేను తెలివిగా చెప్పింది కాదు. వేరే జవాబు నా దగ్గర లేదు. ఆ తల్లి మాత్రం మా ఇద్దరినీ మార్చి మార్చి చూసి, "ఎవరి తప్పూ ఒద్దండి బాబూ. నా బిడ్డని నాకిచ్చేయండి. ఎక్కడన్నా మెరక చూసుకుని పెట్టుకుంటాం. నీళ్ళు చేరని చోట. అంతే" అంది.

ఇక్కడ జాగ్రత్తగా వినండి. నేను ఈ సంగతి రాస్తున్నది దీనికోసమే.

వాచ్‌మన్ మమ్మల్ని పక్కకు పిలిచాడు. ఎప్పుడూ వేళాకోళమాడే మనిషి, ఆ రోజు అతని మొహంలో నవ్వు లేదు. "సార్, పై ఆఫీసులో ఎవరికీ తెలియదు. ఒక తెల్లగుడ్డలో మూటకట్టి ఇచ్చేద్దాం. వ్యాను బయటే ఉంది. మీ రిజిస్టర్లో పగిలిపోయిందని రాసుకోండి, పురుగు పట్టిందని రాసుకోండి. ఏం రాస్తే ఏంటి?" అన్నాడు.

క్యూరేటరు గారు ఊగిసలాడారు. ఇచ్చేద్దామనే ఆయన మనసు. చెయ్యి గాజుపెట్టె మీదే ఉంది. అప్పుడాయన నావైపు తిరిగి, "మీరేమంటారమ్మా?" అని అడిగారు.

ఆ మ్యూజియంలో నన్ను ఒకరు సలహా అడగడం అదే మొదటిసారి. మా ఇంట్లో కూడా అప్పటిదాకా ఎవరూ అడిగినట్టు గుర్తు లేదు. నా గుండె పొంగింది. ఒకసారి నోరు మూసుకుని చెడిపోయాను కదా, ఈసారి పద్ధతిగా చెప్పాలనుకున్నాను.

"దొంగచాటుగా వద్దండి. ఆమె బిడ్డను ఆమె దొంగచాటుగా తీసుకుపోవడమేంటి? తప్పు జరిగిందని రాయండి. పైవాళ్ళ చేత కాగితం తెప్పించి, అందరి ముందూ ఇద్దాం. రేపు మళ్ళీ ఎవరూ వచ్చి అడగకూడదు" అన్నాను.

క్యూరేటరు గారు నా మాట మెచ్చుకున్నారు. "మీరు చెప్పిందే న్యాయం" అన్నారు. వాచ్‌మన్ గేటు దగ్గరికి వెళ్ళిపోయాడు. నేనూ లంకలో పుట్టినదాన్నేనని చెప్పి, తల్లికి నేనే నచ్చజెప్పాను. నెల, మహా అయితే రెండు నెలలు అన్నాను. ఆమె నా చేతులు పట్టుకుంది. "మీరు మా వైపు మనిషే కదక్కా, మీ మాట మీద ఎల్తున్నాను" అని వ్యాను ఎక్కింది.

హైదరాబాదులో ఉన్న ట్రస్టు పెద్ద ఆఫీసుకు ఉత్తరం వెళ్ళింది. రెండు నెలలకు ఒక పెద్దాయన వచ్చారు. నన్ను పిలిపించి నిలబెట్టారు.

"ఎంతవరకు చదువుకున్నావు?"

"మూడో తరగతండి."

"మూడో తరగతితో రెండు వేల ఏళ్ళ వస్తువుకి వయసు కట్టేశావా?"

"వయసు కట్టలేదండి. గుళ్ళు గుర్తుపట్టానంతే."

ఆయన నవ్వి, పరీక్ష చేయిస్తే గాని తేలదన్నారు. ఎముకల్నీ గుళ్ళనూ హైదరాబాదు పంపమన్నారు. పంపే రోజు తల్లికి కబురు చేశాను. తన పాత చీర ముక్క ఒకటి ఉతికి మడతపెట్టి తెచ్చింది. అట్టపెట్టెలో థర్మకోలు తీయించి ఆ గుడ్డ పరిచాం. ఆమె గుళ్ళను దారం నుంచి విప్పి తన చేత్తో కాళ్ళ దగ్గర పెట్టింది. పెట్టె మీద టేపు క్యూరేటరు గారే వేశారు. మా వాచ్‌మన్ జీపు వెళ్ళేదాకా అటెన్షన్లో నిలబడ్డాడు. అప్పుడు కూడా ఎవరూ నవ్వలేదు.

తర్వాత అన్నీ ఎదురుచూపులే. ఆమె నెలకోసారి వచ్చేది. ఐసు పెట్టెల్లో చేపలు సర్దే పనికి కుదిరింది, సెలవు దొరికిన రోజు బస్సెక్కేది. "ఏమన్నా తెలిసిందా అక్కా?" "ఇంకా లేదమ్మా." అంతే మాట. ఆరో హాల్లో ఖాళీ గాజుపెట్టె దగ్గర కాసేపు నిలబడి వెళ్ళిపోయేది. నేను జనాన్ని ఆ పెట్టె పక్కనుంచి గబగబా నడిపించేసేదాన్ని. ఇందులో ఏముండేదని ఎవరైనా అడిగితే, రిపేరు అనేదాన్ని.

ఏడాది దాటాక ఉత్తరం వచ్చింది. క్యూరేటరు గారు నన్ను గదిలోకి పిలిచి, కూర్చోమని, ఒక్కొక్క వాక్యం తెలుగులో చెప్పారు. ఎముకలు పదేళ్ళలోపువేనని తేలింది. మేం చెప్పిందే నిజమన్నమాట. నాకు ప్రాణం లేచొచ్చింది. ఆయన మొహం మాత్రం అలాగే ఉంది.

"అందువల్ల పురాతన విలువ లేదు. రిజిస్టరు నుంచి కొట్టివేయాలి. అలాగే ఆ వస్తువుల్ని..." అని ఆగారు. ఏదో ఇంగ్లీషు మాట. దాన్నే రెండుసార్లు లోలోపల చదువుకున్నారు. "తీసేశారు అని రాశారమ్మా."

"తీసేశారంటే?"

"అంతే రాశారు."

"తీసి ఎక్కడ పెట్టారండి?"

ఆయన ఫోను మీద ఫోను చేశారు. నా ఎదురుగానే. ఒకరు ఇంకొకరి నంబరిచ్చారు, ఆ ఇంకొకరు సెలవులో ఉన్నారు. వారం తర్వాత దొరికిన మనిషి, విలువ లేదని తేలినవాటిని ఆర్నెల్లకోసారి గది ఖాళీ చేసేటప్పుడు పారేస్తామండి, అవి ఇంకా ఉంటాయా అని ఎదురు ప్రశ్న వేశాడట. ఇవ్వమని తల్లి అడిగిన సంగతి మా ఉత్తరంలో ఉంది. ఆ కాగితం వేరే ఫైల్లో ఉందట.

నేను నోరు మూసుకున్నప్పుడు ఆ బిడ్డ గాజుపెట్టెలో చిక్కుకున్నాడు. నోరు తెరిచి న్యాయం మాట్లాడినందుకు అక్కడ కూడా లేకుండా పోయాడు. ఆ రోజు తెల్లగుడ్డలో మూటకట్టి ఇచ్చి ఉంటే అన్న మాట వాచ్‌మన్ నాతో ఒక్కసారి కూడా అనలేదు. అని ఉంటే నాకు కాస్త తేలికయ్యేది. క్యూరేటరు గారు మరుసటి ఏడాది ఉద్యోగం వదిలేసి వాళ్ళ ఊరు వెళ్ళిపోయారు. ఆ ఫోను అయిన రోజే మాత్రం, ఆమెకు తానే వెళ్ళి చెబుతానన్నారు. వద్దన్నాను. నా మాట మీద వెళ్ళిన మనిషికి నేనే చెప్పాలి.

ఏలూరులో బస్సు మారి పెదపాడు వైపు వెళ్ళాను. రేకుల షెడ్డు. బయట లారీ నిలబడి ఉంది. లోపల వరసగా ఆడవాళ్ళు చేపలు, ఐసు, చేపలు, ఐసు అని పొరలుగా ప్లాస్టిక్ పెట్టెల్లో సర్దుతున్నారు. ఆమె నన్ను చూసింది. చేతులు ఐసులోనే ఉన్నాయి, పని ఆపితే మేస్త్రీ అరుస్తాడు.

"తేలిందా అక్కా?"

"తేలిందమ్మా. నీ బిడ్డేనని తేలింది."

"నేను చెప్పాగా" అంది. మొహం వెలిగింది. "మరి తెచ్చారా?"

దారి పొడుగునా బస్సులో నేను నిజమే చెప్పాలని మనసు గట్టి చేసుకున్నాను. కాళ్ళ మీద పడదామనుకున్నాను. ఆ వెలిగిన మొహం చూశాక నా నోట్లోంచి, ఏడు హాళ్ళలో వేల మందికి తడబడకుండా చెప్పిన గొంతు వచ్చింది.

"లేదమ్మా. అక్కడే పెట్టేశారు. తప్పు తెలుసుకుని, వాళ్ళ ఆఫీసు తోటలోనే పద్ధతిగా పూడ్చారు. మళ్ళీ కదిలించకూడదట."

ఆమె చేతులు ఆగాయి. పక్కనావిడ ఆమె పెట్టెలో కూడా తనే ఐసు వేసింది.

"నీడ ఉందా?"

"వేపచెట్టు ఉందమ్మా."

"గుళ్ళు కూడా పెట్టారా?"

"కాళ్ళ దగ్గరే."

"మీరు చూశారా అక్కా?"

"చూశానమ్మా" అన్నాను.

"నీళ్ళు చేరవు కదా?"

"హైదరాబాదమ్మా అది. అంతా రాయి, అంతా మెరక. ఎంత వాన పడినా నీళ్ళు నిలవవు."

ఆమె తలూపింది. మణికట్టుతో ముక్కు తుడుచుకుంది. "మెరకేలే అయితే" అంది తనలో తాను. మళ్ళీ చేతులు ఐసులోకి పోయాయి. చేపలు, ఐసు, చేపలు, ఐసు. కాసేపటికి తల ఎత్తకుండానే, "అన్నం తినెళ్ళండక్కా, క్యారేజీలో ఉంది" అంది. నేను తిన్నాను. ఎలా తిన్నానని నన్ను అడగకండి.

ఆమె మళ్ళీ మ్యూజియానికి రాలేదు. నేను చెప్పింది నమ్మిందో, నన్ను వదిలేసిందో తెలియదు. మా మనవరాలు ఇక్కడిదాకా సరిచేసి, "అమ్మమ్మా, ఇది అచ్చులో వేస్తే ఆవిడ చదివితే?" అంది. చదవనీ. అబద్ధంతో పాటు నా తప్పులన్నీ ఇందులోనే ఉన్నాయి. వచ్చి నన్ను తిట్టాలనిపిస్తే రావచ్చు, ఉంగుటూరులో ఎవరినడిగినా మా ఇల్లు చూపిస్తారు.

ఇంతసేపు కదలకుండా కూర్చుని విన్నారు, చల్లగా ఉండండి. మీ ఇంటి నేల ఎప్పుడూ మెరకగా ఉండాలి. మీ గడపలోకి వరద రాకూడదు. మీ ఇంట పుట్టిన బిడ్డలు మీ చేతుల మీదుగా పెరిగి, మీ కళ్ళముందు ముసలివాళ్ళవ్వాలి. మీ ఇంటి గుర్తు మీ పిల్లల చేతుల్లోనే ఉండాలి గానీ, అద్దాల వెనకకు పోకూడదు. వెళ్ళి రండి.